తుపాను కబురు చేరవలసిన చివరి గడప

పార్లమెంటు శీతకాల సమావేశాలూ, బంగాళాఖాతంలో తుపానుల కాలమూ దాదాపు ఒకేసారి వస్తాయి. అందువల్ల నవంబరు, డిసెంబరు మాసాలలో విలేఖరుల గ్యాలరీలో కూర్చునే నావంటి వానికి ఒక దృశ్యం కొత్త కాదు. ఆంధ్ర ప్రదేశ్, ఒడిశా, తమిళనాడు, పశ్చిమ బెంగాల్ సభ్యులు లేచి తమ తమ తీరాలకు వాటిల్లిన నష్టాన్ని ఏకరువు పెడతారు. కేంద్ర బృందాన్ని వెంటనే పంపాలంటారు. దీనిని జాతీయ విపత్తుగా ప్రకటించి తీరాలంటారు. ప్రభుత్వ పక్షాన మంత్రి లేచి సానుభూతి ప్రకటించి, ఏ విపత్తునైనా జాతీయ విపత్తుగా ప్రకటించే నిబంధన ఏదీ లేదని విన్నవిస్తారు. నిన్నటి ప్రతిపక్షం నేటి అధికార పక్షమైనా ఈ కోరికా మారలేదు, ఈ జవాబూ మారలేదు.

ఈ వాదోపవాదాలన్నీ తుపాను వెళ్లిన తరువాత రాల్చవలసిన రూపాయల గురించే. వాతావరణ శాఖ కబురు చెప్పిన ఘడియకూ, నీరు గడప దాటిన ఘడియకూ నడుమ ఏమి జరిగిందని సభలో అడిగేవారు అరుదు. మనిషి బ్రతుకుతాడా లేదా అన్నది తేలేది మాత్రం ఆ కొద్ది గంటలలోనే. ఈ వారం ఆ గంటల గురించి రాయదలచాను.

పేర్లు మూడు, ప్రకృతి ఒకటి

అట్లాంటిక్‌లోను, పసిఫిక్ తూర్పు భాగంలోను పుట్టిన దానిని హరికేన్ అంటారు. పసిఫిక్ పడమటి భాగాన పుట్టి ఫిలిప్పీన్స్, జపాన్, చైనాల వైపు సాగిన దానిని టైఫూన్ అంటారు. హిందూ మహాసముద్రంలో అదే సైక్లోన్. ఈ చివరి మాట మన దేశంలోనే పుట్టింది. కలకత్తాలో నౌకా న్యాయస్థానానికి అధ్యక్షుడుగా ఉండిన హెన్రీ పిడింగ్టన్ 19వ శతాబ్ది మధ్యకాలంలో, పాము చుట్టను తలపించే గ్రీకు మాట నుంచి దీనిని కల్పించాడు. ఆయన పరిశీలించిన తుపానులలో 1789లో గోదావరి ముఖద్వారాన మన కోరంగి రేవును ముంచినది ఒకటి. అదే కోరంగి 1839లో మళ్లీ మునిగి, ఆ తరువాత మునుపటి వైభవానికి రాలేదు.

పిడింగ్టన్ 1853లో గవర్నర్ జనరల్ డల్హౌసీకి ఒక బహిరంగ లేఖ రాశాడు. కలకత్తాకు దిగువన మాతలా నది ఒడ్డున కొత్త రేవు కట్టవద్దనీ, ఒకనాడు ఉప్పెన దానిని తుడిచి పెడుతుందనీ హెచ్చరించాడు. ప్రభుత్వం చెవిని పెట్టలేదు. రేవు కట్టారు, పోర్ట్ కానింగ్ అని పేరు పెట్టారు. 1858లో పిడింగ్టన్ మరణించాడు. 1867లో నీరు రానే వచ్చింది. కొన్నేళ్లకు ఆ రేవు పాడుపడింది. పాలకులు శాస్త్రజ్ఞుని మాట పెడచెవిని పెట్టడం మన ప్రాంతంలో నిన్న మొన్న మొదలైన విద్య కాదన్నమాట. 1864లో కలకత్తాను దెబ్బతీసిన తుపాను, ఆ తరువాతి అనావృష్టులు కలిసి బ్రిటిష్ ప్రభుత్వాన్ని కదిలించగా 1875లో భారత వాతావరణ శాఖ ఏర్పడింది.

ఇక తుపాను పుట్టుక సంగతి. సముద్రపు పైనీరు సుమారు 26.5 డిగ్రీల సెంటీగ్రేడుకు మించి వేడెక్కినప్పుడు ఆవిరి విస్తారంగా పైకి లేస్తుంది. అది మేఘమై నీరుగా మారేటప్పుడు తాను మోసుకు వచ్చిన వేడిని వదులుతుంది. ఆ వేడికి గాలి ఇంకా పైకి పోతుంది. కింద పీడనం ఇంకా తగ్గుతుంది. చుట్టుపట్ల గాలి అక్కడికి పరుగెడుతుంది. భూమి తిరుగుతున్నది గనుక ఆ గాలి తిన్నగా రాక, మన ఉత్తరార్ధగోళంలో గడియారపు ముల్లుకు ఎదురు దిశలో సుడి తిరుగుతుంది. గాలి వేగం గంటకు 31 కిలోమీటర్లు దాటితే వాయుగుండం, 62 చేరితే తుపాను, 89 చేరితే తీవ్ర తుపాను, 118 చేరితే అతి తీవ్ర తుపాను. 221కి చేరినదే సూపర్ సైక్లోన్. వేడి నీరే దాని ఆహారం గనుక నేలమీదికి రాగానే అది క్రమంగా చల్లారుతుంది.

చంపేది నీరు

గాలి వేగమే పత్రికలలో పతాక శీర్షిక అవుతుంది. కాని మన తీరాన ఊళ్లకు ఊళ్లను తుడిచి పెట్టింది ప్రధానంగా ఉప్పెన. వేల చదరపు కిలోమీటర్ల మేర వీచే గాలి సముద్రపు నీటిని తీరంవైపు నెడుతుంది. తీరం చేరువలో లోతు తక్కువైన కొద్దీ ఆ నీటికి పోయే దారి ఉండదు, మట్టం లేస్తుంది. బంగాళాఖాతం పైకి పోను పోను గరాటులా ఇరుకవుతుంది, లోతు తగ్గుతుంది. దానికి సముద్రపు పోటు సమయం కలిస్తే ఆపద ఇబ్బడి అవుతుంది.

మరొక సంగతి పామరులకే కాదు, చదువుకున్న వారికి కూడా తెలియదు. తుపాను ఎక్కడ తీరం దాటుతుందని అందరూ అడుగుతారు. మన అర్ధగోళంలో గాలి సుడి తిరిగే దిశను బట్టి, తుపాను నడిచే దారికి కుడి పక్కన గాలి సముద్రాన్ని నేలమీదికి తోస్తుంది. ఎడమ పక్కన నేలమీది నుంచి సముద్రంలోకి వీస్తుంది. 1977 నవంబరు 19న తుపాను తీరం దాటింది చీరాల ప్రాంతంలో. ఉప్పెన మింగినది మాత్రం దానికి ఈశాన్యాన ఉన్న దివిసీమను. నాగాయలంక, కోడూరు పరిసరాల ఊళ్లలో తెల్లవారేసరికి మిగిలినవారు పోయినవారిని లెక్కించవలసి వచ్చింది. మృతులు పది వేలకు పైమాటే. కనుక తుపాను మా ఊరికి రావడం లేదట, పక్క జిల్లాకు పోతున్నదట అని నిశ్చింతగా నిద్రపోవడం తగదు.

తెలిసీ కదలలేని వారు

తూర్పు పాకిస్తాన్ తీరాన 1970 నవంబరు 12 రాత్రి వచ్చిన తుపాను, నమోదైన చరిత్రలో అన్నిటికంటె ఎక్కువ ప్రాణాలు తీసింది. మృతులు మూడు నుంచి అయిదు లక్షలని అంచనా. ఇంతమంది కబురు తెలియక చనిపోయారా? కాదని తరువాతి పరిశీలన తేల్చింది. నూటికి తొంభై మందికి పైగా తుపాను వస్తున్నదని విన్నవారే. గట్టి కట్టడంలోకి పోయి తలదాచుకున్నది నూటికి ఒక్కరే. మిగిలినవారు ఎక్కడికి పోతారు? ఆ దీవులలో పోదగిన చోటు ఎక్కడున్నది? రేడియో కబురు చెప్పింది. ప్రభుత్వం చోటు చూపలేదు. యాహ్యాఖాన్ ప్రభుత్వం సహాయం అందించడంలో కనబరచిన అలసత్వానికి ప్రజలు డిసెంబరు ఎన్నికలలో తీర్పు చెప్పారు. తూర్పు భాగంలోని 162 స్థానాలలో 160 అవామీ లీగుకు దక్కాయి. మరుసటి ఏడాది దేశమే రెండయింది. దాని కారణాలు అనేకం. ఉప్పెన వాటిలో ఒకటని ఏ చరిత్రకారుడూ కాదనడు.

కొత్త బంగ్లాదేశ్ పాఠం నేర్చుకున్నది. 1972లో రెడ్‌క్రాస్ తోడ్పాటుతో గ్రామ గ్రామాన స్వచ్ఛంద కార్యకర్తల దళం ఏర్పడింది. జెండాలు ఎగురవేసి, మైకులు పట్టుకుని గడప గడపకూ తిరగడం వారి పని. అయినా 1991 ఏప్రిల్ 29న చిట్టగాంగ్ తీరాన మళ్లీ లక్షా ముప్పై ఎనిమిది వేల మంది పోయారు. వారిలో స్త్రీలు, పిల్లలు ఎక్కువ. మగవాడు ఇంట లేనప్పుడు ఇల్లు కదలరాదన్న కట్టుబాటు, పదిమందిలో పరాయి మగవారి నడుమ రాత్రి గడపడానికి వెరపు స్త్రీల కాళ్లకు బంధాలయ్యాయి. ఆ తరువాత ఆశ్రయ భవనాలు పెరిగాయి, కార్యకర్తల సంఖ్య డెబ్బై వేలు దాటింది; వారిలో నేడు దాదాపు సగం మంది స్త్రీలు. 2007లో వచ్చిన సిడర్ తుపాను కూడా సామాన్యమైనది కాదు. మృతులు సుమారు 3,400. మూడు లక్షల నుంచి మూడు వేలకు దిగిన ఈ అంకె ఒక పేద దేశం సాధించిన విజయం. మన పాలకులు దీనిని ఇంతకంటె శ్రద్ధగా చదవవలసి ఉన్నది.

మన దగ్గరా అటువంటి ఉదాహరణలున్నాయి. దివిసీమ తరువాత ఆంధ్ర తీరాన ఆశ్రయ భవనాలు లేచాయి. 1990 మే 9న కృష్ణా ముఖద్వారం వద్దకే, 1977తో పోల్చదగిన తుపాను వచ్చినప్పుడు ప్రజలను పెద్ద ఎత్తున ముందే తరలించారు. మృతుల సంఖ్య వెయ్యి లోపున ఆగింది. ఒడిశాలో 1999 అక్టోబరు 29న పారాదీప్ వద్ద తీరం దాటిన పెను తుపానుకు పది వేల ప్రాణాలు బలి అయ్యాయి. అప్పటికి అక్కడ ఉన్నవి రెడ్‌క్రాస్ కట్టించిన కొద్దిపాటి ఆశ్రయాలు మాత్రమే. ముఖ్యమంత్రి గిరిధర్ గమాంగ్ పదవి పోయింది. 2000 ఎన్నికలలో ఆయన పార్టీ అధికారం కోల్పోయింది. ఆ రాష్ట్రం విపత్తు నివారణకు ప్రత్యేక సంస్థను నెలకొల్పి, తీరం పొడుగునా ఎనిమిది వందలకు పైగా ఆశ్రయ భవనాలు నిర్మించుకున్నది. 2013 అక్టోబరు 12న గోపాల్‌పూర్ వద్దకు ఫైలిన్ వచ్చేసరికి పది లక్షల మందికి పైగా తీరం నుంచి కదిలారు. మృతుల సంఖ్య కొన్ని పదులను మించలేదు.

కబురు విన్న ప్రభుత్వం, వినిపించుకోని ప్రభుత్వం

బంగాళాఖాతానికి, అరేబియా సముద్రానికి సంబంధించిన తుపాను సమాచారం ఇరుగు పొరుగు దేశాలకు అందేది ఢిల్లీ లోదీ రోడ్డులోని వాతావరణ భవనం నుంచే. ప్రపంచ వాతావరణ సంస్థ అప్పగించిన బాధ్యత అది. పదమూడు దేశాలు తలకు పదమూడేసి పేర్లు ఇచ్చి 2020లో 169 పేర్ల జాబితా తయారు చేసుకున్నాయి. 2018 అక్టోబరులో మన శ్రీకాకుళం జిల్లాను కొట్టిన తిత్లీకి పేరు పెట్టినది పాకిస్తాన్. దక్షిణాసియా శిఖరాగ్ర సభకు కూడి కూర్చోలేని దేశాలు తుపాను పేర్ల దగ్గర మాత్రం ఒక్క మాట మీద నిలుస్తున్నాయి.

కాని కబురు పంపడం ఢిల్లీ చేతిలో ఉన్నది. వినడం ఎదుటివారి చేతిలో ఉన్నది. 2008 మే 2న బర్మా ఐరావతీ డెల్టా మీద పడిన నర్గీస్ గురించి రెండు రోజుల ముందుగానే తెలియజేశామని మన వాతావరణ శాఖ ప్రకటించింది. డెల్టాలో ప్రజలను కదిలించే ప్రయత్నమేదీ జరగలేదనదగినంత స్వల్పం. చనిపోయిన వారు, ఆచూకీ లేనివారు కలిసి లక్షా ముప్పై ఎనిమిది వేలు. సైనిక ప్రభుత్వం విదేశీ సహాయ సిబ్బందిని వాకిట నిలబెట్టి, మే 10న రాజ్యాంగంపై ప్రజాభిప్రాయ సేకరణ జరిపించింది. తుపాను తాకిన ప్రాంతాలకు మాత్రం రెండు వారాలు గడువు ఇచ్చింది.

సంపన్న దేశమైనంత మాత్రాన ఈ చిక్కు తప్పదు. 2005 ఆగస్టులో అమెరికాలో న్యూ ఆర్లీన్స్ నగరాన్ని కట్రీనా హరికేన్ చేరడానికి ముందు రోజున ఊరు ఖాళీ చేయాలని ఉత్తరువు వెలువడింది. కార్లున్నవారు వెళ్లారు. లేనివారు, వృద్ధులు, రోగులు ఉండిపోయారు. గట్లు తెగి నగరంలో 80 శాతం మునిగింది. వెళ్లమన్న ప్రభుత్వానికి వాహనం చూపవలసిన బాధ్యత కూడా ఉంటుంది.

2013 నవంబరు 8న ఫిలిప్పీన్స్‌లో హయాన్ టైఫూన్ మరో పాఠం చెప్పింది. ఉప్పెన వస్తుందని అక్కడి వాతావరణ సంస్థ ముందే తెలిపింది. కాని తెలిపినది ఆంగ్ల పారిభాషిక పదంతో. టక్లోబాన్ వాసులలో చాలామందికి అది బోధపడలేదు. సునామీ అని ఉంటే కొండల వైపు పరుగెత్తేవారమని బ్రతికినవారు తరువాత వాపోయారు. ఆశ్రయంగా ఎంచిన కొన్ని భవనాలు సైతం నీట మునిగాయి. ఆరు వేల మందికి పైగా మరణించారు. ఈ విషయంలో తెలుగువారు అదృష్టవంతులు. ఉప్పెన అన్నది మన తీరంలో పసిబిడ్డకు కూడా తెలిసిన మాట. అయినా మన ప్రకటనలలో సముద్రం అల్లకల్లోలంగా ఉంటుందన్న వాక్యం వచ్చినంత తరచుగా, ఫలానా ఊళ్లకు ఇంత ఎత్తున ఉప్పెన అన్న వాక్యం రాదు.

రేవులలో ఎగురవేసే ప్రమాద సూచికల సంగతీ అంతే. అవి నౌకల కోసం ఏర్పరచినవి. ఎనిమిది, తొమ్మిది, పది నంబర్ల మధ్య తీవ్రతలో భేదం లేదు. తుపాను రేవుకు ఏ పక్కగా దాటుతుంది, లేక రేవు మీదుగానే దాటుతుందా అన్నదే వాటి తేడా. పత్రికలలో పదో నంబరు అని చదివి భయపడి, ఎనిమిదో నంబరు అని చదివి ఊరట చెందడం అర్థంలేని పని.

గృహస్థు ఎరుగవలసినవి

వాతావరణ శాఖ కబురు నాలుగు అంచెలలో వస్తుంది. సుమారు 72 గంటల ముందు తొలి సూచన. 48 గంటల ముందు పసుపు రంగు. 24 గంటల ముందు నారింజ రంగు. 12 గంటల ముందు ఎరుపు, అంటే తీరం దాటే చోటు, సమయం, తరువాతి పరిస్థితి. ఇరవై నాలుగు గంటల ముందు చెప్పే చోటు కూడా కొన్ని పదుల కిలోమీటర్లు అటూ ఇటూ కావచ్చు. పటంలో గీత మీద మన ఊరు లేదని ధీమా పడరాదు.

తీరవాసులు మొదట తెలుసుకోవలసినది తమ గడప సముద్ర మట్టానికి ఎంత ఎత్తున ఉన్నదో, ఆశ్రయ భవనం ఎంత దూరమో, దారిలో కాలువ ఎన్ని చోట్ల అడ్డువస్తుందో. దీనికి అక్టోబరు రాకముందే తీరిక చేసుకోవాలి. పసుపు రంగు నాడే పట్టాలు, రేషన్ కార్డు, బ్యాంకు పుస్తకం, మందులు నీరు చొరని సంచిలో కట్టుకోవాలి. మంచినీరు, అటుకులు, బెల్లం, టార్చిలైటు, బ్యాటరీ రేడియో సిద్ధం చేసుకోవాలి. సెల్‌ఫోను స్తంభాలు కూలినప్పుడు రేడియోయే దిక్కు. తరలిపొమ్మన్నప్పుడు పగటి వెలుగులోనే, గాలి ముదరకముందే బయలుదేరాలి. పశువుల పలుపులు విప్పాలి; కట్టి ఉంచిన గొడ్డు కట్టిన చోటే మునుగుతుంది.

హోరుగాలి ఉన్నట్లుండి ఆగి ఆకాశం తేటపడితే, తుపాను వెళ్లిపోయిందని బయటకు రాకూడదు. అది తుపాను కన్ను కావచ్చు. కొద్ది సేపటికి గాలి ఎదురు దిక్కు నుంచి, అంతే ఉధృతంగా తిరిగి వస్తుంది. మొదటి గాలికి సడలిన గోడలు రెండవ గాలికి కూలుతాయి. తరువాతి రోజులలో తెగిపడిన కరెంటు తీగెలను, పొంగే వాగులను, కలుషితమైన నీటిని ముప్పుగానే ఎంచాలి. తీరానికి దూరాన ఉన్నవారు కూడా, తుపాను బలహీనపడిందన్న మాట విని వర్షాన్ని తేలికగా తీసుకోరాదు. గాలి చల్లారినా మేఘాలు చల్లారవు.

ఇంకా చేరని చోట్లు

కబురు నేటికీ సరిగా చేరని చోటు నడిసముద్రం. 2017 నవంబరు చివర ఓఖీ వచ్చినప్పుడు కన్యాకుమారి, కేరళ తీరాల జాలరులు అప్పటికే రోజుల తరబడి వేటకు వెళ్లి ఉన్నారు. ఒడ్డున చాటిన హెచ్చరిక వారికి అందలేదు. వందలాది కుటుంబాలు తమవారిని కోల్పోయాయి. 2021 మేలో తౌక్తే తుపాను వేళ ముంబయి సమీపాన చమురు క్షేత్రంలోని ఒక బార్జి మునిగి డెబ్బై మందికి పైగా కార్మికులు మరణించారు. అక్కడ హెచ్చరిక రాకపోవడం కాదు, దానిని విని కదలవలసినవారు సకాలంలో కదలకపోవడమే లోపం. కూలివాడు తనంతట తాను ఓడ దిగి పోలేడు. అరేబియా సముద్రం కూడా వేడెక్కుతున్నదని, అక్కడ తీవ్ర తుపానులు పెరుగుతున్నాయని శాస్త్రజ్ఞులు చెబుతున్న కాలంలో ఈ రెండు ఘటనలను ఏమరరాదు.

చివరకు మాట రూపాయల దగ్గరికే వస్తుంది. 2021-26 కాలానికి పదిహేనవ ఆర్థిక సంఘం విపత్తు నిధులలో 80 శాతాన్ని సహాయ, పునర్నిర్మాణాలకూ సన్నద్ధతకూ, 20 శాతాన్ని నష్ట నివారణకూ కేటాయించింది. నివారణకు ప్రత్యేకంగా వాటా ఏర్పడడమే అంతకు ముందు లేని మేలు. కాని ఆశ్రయ భవనం కట్టినంత మాత్రాన చాలదు. దాని తాళం చెవి ఎవరి దగ్గర ఉన్నది, మెట్లు నిలిచి ఉన్నాయా, స్త్రీలకు వేరే మరుగుదొడ్డి ఉన్నదా, అక్కడికి పోయే బాట వానలో నడవదగినదేనా అని ఏటా చూచుకునేవారు కావాలి. కూలిన ఇళ్లకు పరిహారం పంచిన నాయకునికి దండలు పడతాయి. కూలకుండా నిలిచిన మెట్లకు ఎవరూ ఓటు వేయరు. అందుకే ఈ పని ఎప్పుడూ వెనుకబడుతుంది.

బడ్జెట్ పద్దుల మీద చర్చ జరిగేది ఫిబ్రవరి, మార్చి మాసాలలో. అప్పుడు బంగాళాఖాతం నిశ్చలంగా ఉంటుంది, సభలో తుపాను ఊసు ఎత్తేవారుండరు. మన తీర జిల్లాల సభ్యులు లేచి, తమ నియోజకవర్గంలో ఎన్ని ఆశ్రయ భవనాలు వాడుకకు పనికివస్తాయో చెప్పమని నిలదీయవలసింది ఆ రోజులలోనే. ఓటరు తన సభ్యుని అడగవలసింది కూడా ఆ రోజులలోనే.